మళ్ళీ ఐదు గంటలు

గురువారం సాయంత్రం చేనులో మొగ్గలు గిల్లుతుండగా మా బిడ్డ మానస నుంచి ఫోనుకు ఒక లింకు వచ్చింది. దాని కింద ఇట్లా రాసింది: "నాయినా, ఇది మా కంప్యూటరు క్లాసుల నేను చేసిన కథ. చదివేటోళ్ళు ఏది నొక్కితే కథ అట్ల పోతది. వచ్చే వారం సార్‌కు చూపియ్యాలె. నువ్వు అన్ని దారులు నొక్కి చూసి చెప్పు."

మానస వనపర్తిలో హాస్టల్లో ఉండి డిగ్రీ రెండో సంవత్సరం చదువుతున్నది. వాళ్ళమ్మ రెబెకా పోయి రెండేళ్ళు. అప్పటినుంచి మానస ఇంటికి రావడం తగ్గింది. మాట్లాడటం ఇంకా తగ్గింది. ఫోను చేస్తే "తిన్నవా" అని నేను అడుగుతాను, "తిన్న" అని తను అంటుంది. అంతటితో ఫోను పెట్టేస్తాం. అట్లాంటి పిల్ల తనంతట తాను ఏదో చదవమని పంపితే నాకు సంతోషం కలగాలి. నాకు భయం వేసింది. ఎందుకో చెప్పాలంటే రెబెకా పోయిన రోజు సంగతి చెప్పాలి.

మాది గద్వాల నుంచి ఆటోలో అరగంట దూరంలో ఉన్న పల్లె. మా దిక్కు సీడు పత్తి, అంటే విత్తనాల కోసం పెంచే పత్తి, ఎక్కువ వేస్తారు. ఆ పని రెండు పూటల పని. సాయంత్రం, మర్నాడు విచ్చుకోబోయే మొగ్గను చూసి, బొటనవేలి గోటితో రేకులూ పుప్పొడీ తీసేసి, లోపలి కాడ ఒక్కటే మిగిల్చి, గుర్తుకు ఎర్ర కాగితం ముక్క తగిలిస్తాం. పొద్దున మగ సాళ్ళలో పూసిన పూలు తెచ్చి ఆ కాడలకు రుద్ది, రుద్దినట్టు గుర్తుకు ఇంకో ఎర్ర కాగితం తగిలిస్తాం. దీన్ని క్రాసింగ్ అంటాం. ఎండ ముదరకముందే, పదకొండు లోపల అయిపోవాలి. దాటిందంటే నిన్న గిల్లిన మొగ్గలన్నీ రాలిపోతాయి. రెండు నెలలు ఒక్క రోజు ఆగదు. ఆదివారం ఆరాధనకు కూడా ఆ రెండు నెలలు మేము చివరి పాటకు పోయి నిలబడేవాళ్ళం.

ఆ రోజు పొద్దున ఐదింటికి పెరట్లో నీళ్ళ డ్రమ్ము మూత చప్పుడైంది. రెబెకా లేచిందని అదే గుర్తు. నేను బయటికి పోతే ముఖం కడుక్కుంటూ చెప్పింది.

"ఏమయ్యా, పండుకున్నప్పుడు కాలికి ఏదో కుట్టినట్టైంది. కడుపుల గూడ తిప్పుతున్నది."

కాలు చూశాను. చిటికెన వేలి పక్కన సూది మొన అంత గుర్తు. వాపు లేదు, మంట లేదు. పెద్ద చీమ అనుకున్నాను. అనుకున్నాను అనడం కూడా నిజం కాదు. అట్లా అనుకుంటే పని ఆగదు కాబట్టి అనుకున్నాను.

"నిన్న ఎనిమిది సాళ్ళు గిల్లి పెట్టినం. పదకొండుకు అయిపోగొట్టి దవాఖానకు పోదాం" అన్నాను.

"సరే. మానసకు మాత్రం చెప్పకు, పరేషాన్ అయితది" అన్నది.

పనికి పోయే ముందు ఇంట్లో ప్రతి ఒక్కరి నెత్తి మీద చెయ్యి పెట్టి ప్రార్థన చేయడం మా నాయన నుంచి వచ్చిన అలవాటు. ఆ రోజూ చేశాను. రెబెకాకు కొంచెం ఎక్కువసేపు చేశాను. తరువాత చేనుకు పోయాం. పండుగ సెలవులకు ఇంట్లో ఉన్న మానస కూడా వచ్చింది. మూడో సాలులో రెబెకా కనురెప్పలు వాలిపోవడం మొదలైంది. పదకొండింటికి మాట ముద్దయింది. గద్వాల దవాఖానకు చేరేసరికి పన్నెండు దాటింది. డాక్టరమ్మ కాలివేలు చూసి, "కట్లపాము. ఎప్పుడు కరిచింది?" అని అడిగింది.

"తెల్వదమ్మా" అన్నాను.

పక్కన ఉన్న మానసను కూడా అడిగింది. అది కూడా "తెల్వదు" అన్నది. సాయంత్రానికి రెబెకా లేదు.

ఆ అబద్ధాన్ని నేను దేవునికి ఎన్నోసార్లు చెప్పుకున్నాను. రొట్టె, ద్రాక్షరసం తీసుకునే ప్రతి ఆదివారం చెప్పుకున్నాను. మానసకు చెప్పలేదు. తల్లి పోయిన పిల్లకు తండ్రి కూడా లేకుండా పోతాడేమో అనుకున్నాను. ఇప్పుడు అది కథ పంపింది అనేసరికి, నా సంగతి దానికి తెలిసిపోయిందని, ఫోనులో నాకు తీర్పు వచ్చిందని అనిపించింది.

శుక్రవారం పొద్దున బైబిలులో ఒక అధ్యాయం చదువుకుని, ప్రార్థన చేసి, ఆ లింకు నొక్కాను. నా చదువు ఏడో తరగతి. అక్షరం అక్షరం మీద వేలు పెట్టి చదివాను.

"పొద్దున ఐదు గంటలు. నీళ్ళ డ్రమ్ము మూత చప్పుడైంది. జంగమ్మ లేచింది. ఈ రోజు నిన్న కూడా వచ్చింది, మొన్న కూడా వచ్చింది. ఆ సంగతి ఇంట్లో ప్రవళిక ఒక్కదానికే తెలుసు."

జంగమ్మ తల్లి, ప్రవళిక బిడ్డ, మైసయ్య తండ్రి. పేర్లు మావి కావు. ఊరి పేరు లేదు. కింద నాలుగు మీటలు ఉన్నాయి. అమ్మతో చేనుకు పో. ఎర్ర కాగితాలు దాచిపెట్టు. ఆటో పిలువు. నాయినకు చెప్పు.

అంటే ప్రవళిక ఏమి చేయాలో చదివేవాడు ఎంచుకోవాలన్నమాట. నేను మొదటిది నొక్కాను. జంగమ్మ చేనులో పూలు రుద్దుతుంది. మూడో సాలులో ఆమె కనురెప్పలు వాలిపోతాయి. మైసయ్య నవ్వుతాడు.

"రాత్రంత టీవీ చూసినోళ్ళ లెక్క కండ్లు మూస్తున్నవ్, ఏంది కథ?"

ఆ మాట నాది. ఆ రోజు రెబెకాతో నేనే అన్నాను, నవ్వుకుంటూ. దాని కింద ఇంకో రెండు వాక్యాలు. "పన్నెండు దాటింది. జంగమ్మ చనిపోయింది." తరువాత తెర తెల్లబడి మళ్ళీ మొదటి పుట వచ్చింది. "పొద్దున ఐదు గంటలు. నీళ్ళ డ్రమ్ము మూత చప్పుడైంది."

ఎర్ర కాగితాలు దాచిపెట్టు అన్నది నొక్కాను. మైసయ్య ఇల్లంతా వెతికి, పక్కింటి నుంచి కాగితాలు అడుక్కుని వచ్చాడు. పని అరగంట ఆలస్యమైంది, అంతే. జంగమ్మ చనిపోయింది. మళ్ళీ ఐదు గంటలు. ఆటో పిలువు అన్నది నొక్కాను. ఆటో వచ్చింది. జంగమ్మ నడుం మీద చేతులు పెట్టుకుని, "ఎవరు పిలిచిన్రు నిన్ను? చాయ్ తాగి పో" అని నవ్వి పంపించింది. అది అచ్చం రెబెకా మాట. రెండేళ్ళ తరువాత ఆమె గొంతు మళ్ళీ విన్నట్టయింది. ఆ మాట కోసమే ఆటోను ఇంకో రెండుసార్లు పిలిచాను. మూడుసార్లూ పన్నెండు దాటాక జంగమ్మ చనిపోయింది.

ప్రతి దారిలోనూ ఈ మాటలు వస్తాయి. "చేనుకు పోయే ముందు మైసయ్య దేవునికి దండం పెట్టి జంగమ్మ నెత్తి మీద చెయ్యి పెట్టాడు. ఈసారి ఎక్కువసేపు ఉంచాడు. ఎందుకో ప్రవళికకు తెలియదు."

మిగిలిన ఇళ్ళలో నెత్తి మీద చెయ్యి పెడతారో లేదో నాకు తెలియదు. మా ఇంట్లో పెడతాం. పేర్లన్నీ మార్చిన పిల్ల ఆ చెయ్యి మాత్రం మార్చలేదు. ఎక్కువసేపు ఉంచానని కూడా చూసింది. ఎందుకో తెలియదని రాసింది. తెలియదనే రాసింది. రెండేళ్ళుగా నేను దాక్కున్నది ఆ తెలియదన్న మాట వెనకే.

నాలుగో మీటను నొక్కలేదు. నాయినకు చెప్పు. ఏమి చెప్పాలి? ప్రవళికకు ఏమి తెలుసని చెప్పాలి?

చేనులో పని చేస్తున్నా మనసు దాని మీదే. పని మధ్యలో ఫోను తీసి చూస్తుంటే పక్క సాలులో ఉన్న అలివేలమ్మ ఊరుకోలేదు. ఆమె మా వాడకట్టు మనిషి. రెబెకాతో కలిసి ఇరవై ఏళ్ళు కూలికి పోయింది.

"ఏంది దేవదాసు, పొద్దున్నుంచి ఫోన్‌ను బొటనవేలితోటి పొడుస్తున్నవ్? సాయంత్రం మొగ్గలు గిల్లనీకె ఆ గోరు జర మిగులుస్తవా?"

"మానస కథ రాసిందక్కా. చదువుతున్న."

"గంత పెద్ద కథనా? రామాయణం గిట్ల రాసిందా?"

"చిన్నదే. ఎన్నిసార్లు చదివినా మల్ల మొదటికొస్తది."

"గట్లయితే మన క్రాసింగ్ గురించే రాసుంటది. పొద్దున రుద్దుడు, పొద్దుమీకి గిల్లుడు" అని నవ్వి, నా ముఖం చూసి నవ్వు ఆపేసింది. "రెబెకా ఉంటె ఫోన్ గుంజుకుంటుండె" అని మెల్లగా అని సాలు మార్చుకుని పోయింది.

పని అయ్యాక గట్టు మీద కూర్చుని నాలుగో మీట నొక్కాను. తెర తెల్లబడి మొదటి పుట వచ్చింది. ఐదు గంటలు. వేలు సరిగ్గా పడలేదనుకుని మళ్ళీ నొక్కాను. మళ్ళీ ఐదు గంటలు. పదకొండుసార్లు నొక్కాను. మిగిలిన దారుల్లో జంగమ్మ కనీసం మధ్యాహ్నం దాకా బతికింది. ఈ దారిలో రోజే మొదలు కాలేదు.

మానసకు ఫోను చేశాను.

"కథ చదివిన బిడ్డా."

"అన్ని నొక్కినవా?"

"నొక్కిన. ఆఖరుది తెరుచుకుంటలేదు. ఖరాబైందా?"

అవతల హాస్టల్లో ఎవరో బకెట్ నింపుకుంటున్న చప్పుడు.

"ఖరాబు కాలే. దాని ఎనుక ఏం రాయాల్నో నాకు తెల్వలేదు."

"ఏం చెప్పాలె ఆ పిల్ల నాయినకు?"

"పండుకున్నప్పుడు అమ్మకు ఏదో కుట్టిందని. పొద్దున లేవంగనే అమ్మ ప్రవళికకు చెప్పింది. 'నాయినకు చెప్పకు, పని ఆపుతడు, గిల్లిన మొగ్గలన్ని పోతయ్' అని ఒట్టు పెట్టిచ్చుకున్నది. అది చెప్పలేదు. గంతే, నాయినా. అది చెప్పుంటే అమ్మ బతుకుతుండె."

నేను గట్టు మీద నుంచి లేచి నిలబడ్డాను. మళ్ళీ కూర్చున్నాను.

"నాయినా, ఒకటి అడుగుత, సక్కగ చెప్పు. ప్రవళిక చెప్పిందనుకో, మైసయ్య ఏం చేస్తడు? గది తెలుస్తేనే నేను రాయగలుగుత."

"ఆలోచించి చెప్త" అని ఫోను పెట్టేశాను.

దవాఖానలో డాక్టరమ్మ అడిగినప్పుడు నా పక్కన "తెల్వదు" అన్న పిల్ల గొంతు గుర్తుకొచ్చింది. రెబెకా మా ఇద్దరికీ చెప్పింది. నాతో బిడ్డకు చెప్పవద్దన్నది, బిడ్డతో నాకు చెప్పవద్దన్నది. ఇద్దరం ఆమె మాట నిలబెట్టాం. ఆమె పోయిన తరువాత కూడా నిలబెట్టాం. నేను తీర్పు అనుకుని భయపడుతూ చదివిన కథలో నా మీద ఒక్క నేరం కూడా లేదు. పిల్ల అంతా తన మీదే వేసుకుని, రోజూ ఐదు గంటలకు లేచి తల్లిని పోగొట్టుకుంటున్నది.

ఇప్పుడు నేను రెండు రకాలుగా చెప్పవచ్చు. మైసయ్య వెంటనే దవాఖానకు తీసుకుపోయేవాడు అంటే నేను మంచి తండ్రిని అవుతాను, పిల్ల జీవితమంతా తల్లిని చంపినదానిగా మిగులుతుంది. నిజం చెబితే పిల్ల మీది బరువు దిగుతుంది, నాకు పిల్ల మిగలకపోవచ్చు. శనివారమంతా దేవుని అడిగాను. దేవునికి ఒప్పుకోవడం నాకు ఎప్పుడూ కష్టం కాలేదు. ఎందుకు కాలేదో ఆ రోజు అర్థమైంది. ఆయనకు ముందే తెలుసు. తెలిసినవానికి చెప్పడం చెప్పడమేనా? ఆ పొద్దున కూడా రెబెకా నెత్తి మీద చెయ్యి పెట్టినప్పుడు ఆయన నాకు ఏదో చెప్పే ఉంటాడు. చెయ్యి తీసి ఆటో పిలువు అనే చెప్పి ఉంటాడు. నేను నా మాటలే చెప్పుకుంటూ ఉన్నాను, ఆయన మాట వినలేదు.

ఆదివారం ఆరాధనకు పోలేదు. నా సాలు పని అలివేలమ్మకు అప్పగించి, ఉడకబెట్టిన పల్లికాయలు సంచిలో వేసుకుని బస్సెక్కాను. ఎర్రవల్లి చౌరస్తాలో బస్సు మారి, కృష్ణ బ్రిడ్జి దాటి, పెబ్బేరు మీదుగా వనపర్తి చేరేసరికి పదకొండయింది. దారి పొడుగునా చేలలో ఎర్ర కాగితాలు. వాటిని చూడకుండా ముందు సీటు వీపు చూస్తూ కూర్చున్నాను.

మానస హాస్టల్ గేటు దగ్గరికి వచ్చింది. చిక్కిపోయింది. ఎదురుగా ఉన్న చాయ్ బండి బల్ల మీద ఇద్దరం కూర్చున్నాం.

"ప్రార్థనకు పోలేదా నాయినా? నువ్వు తప్పిస్తవా?"

"తప్పిచ్చిన."

"ఫోన్ల చెప్తే సరిపోతుండె గద."

"సరిపోదు" అన్నాను. సంచి మా ఇద్దరి మధ్య పెట్టాను. "నువ్వడిగినవ్ గద, ప్రవళిక చెప్తే మైసయ్య ఏం చేస్తడని. ఏం చెయ్యడు బిడ్డా. మైసయ్యకు అప్పటికే ఎరుక."

"ఏం ఎరుక?"

"కుట్టిందని. జంగమ్మనే చెప్పింది, డ్రమ్ము కాడ. నేను కాలు గూడ చూసిన." మైసయ్య అనడం పోయి నేను అనడం వచ్చిన సంగతి నాకు మాట అయిపోయాకగాని తెలియలేదు.

మానస నా ముఖంలోకి చూసింది. చాయ్ బండి అతను గ్లాసులు కడుగుతున్నాడు. అతను నీళ్ళు పారబోశాక అడిగింది.

"చూసి?"

"పదకొండుకు పని అయిపోగొట్టి దవాఖానకు పోదామని..."

"ఎవరన్నరు? అమ్మనా, నువ్వా?"

అమ్మ అన్నదని చెప్పవచ్చు. 'సరే' అని రెబెకా కూడా అన్నది కదా. ఇద్దరం అనుకున్నాం అని చెప్పవచ్చు. ఆమె వచ్చి కాదనదు.

"నేనన్న" అన్నాను.

"రెండేండ్లు" అన్నది మానస. గొంతు పెంచలేదు. "రెండేండ్ల సంది నేనే చంపిన అనుకుంటున్న. అందుకే ఇంటికి రాబుద్ధి కాకపోయె. నీ మొఖం చూడాలంటే భయమయితుండె, నీకు పెండ్లాం లేకుండ చేసిన అని. నువ్వేమో అన్నీ తెలిసి, తిన్నవా తిన్నవా అని ఫోన్లు చేస్తున్నవ్."

"నీకు చెప్పిందని నాకు తెల్వదు బిడ్డా."

"నాకు అమ్మ చెప్పకున్నా నువ్వు చెప్పాలె గద, నాయినా. డాక్టరమ్మ అడిగినప్పుడన్న చెప్పాలె గద."

అలవాటు కొద్దీ దాని నెత్తి మీద చెయ్యి పెట్టబోయాను. తల పక్కకు తీసుకుంది. విసురుగా కాదు. ఎండ తగిలితే జరిగినట్టు జరిగింది.

లేచి గేటు దాకా పోయింది. అక్కడ ఆగి, వెనక్కి వచ్చి, పల్లికాయల సంచి తీసుకుని పోయింది. నా వైపు చూడలేదు.

సోమవారం ఫోను రాలేదు. నేను చేయలేదు. మంగళవారం పొద్దున తొమ్మిదింటికి క్రాసింగ్ మొదలుపెట్టాను. గంపలో మగ పూలు నిండుగా ఉన్నాయి. మొదటి సాలు సగంలో ఉండగా జేబులో ఫోను మోగి ఆగింది. తీసి చూస్తే మానస లింకు. ఈసారి కింద ఒక్క మాట కూడా లేదు.

పదకొండు తరువాత చూద్దాం అనుకున్నాను. అనుకుని ఇంకో పువ్వు తీసి కాడకు రుద్దాను. రుద్దుతుంటే నేనేమి అనుకున్నానో నాకే వినబడింది. పూల గంప కింద పెట్టి గట్టు మీదికి పోయాను.

"ఏంది, పనిల నుంచి గిట్ల పోతివి?" అని అలివేలమ్మ అరిచింది. "ఎండ ముదురుతున్నది. మొగ్గలు పోతయ్ సూడు."

"పోనీ అక్కా."

"మతి పోయిందా నీకు?"

నేను మొదటి పుట తెరిచాను. ఐదు గంటలు, డ్రమ్ము మూత, అదే మాట. కింద మూడు మీటలు తీసేసింది. ఒక్కటే ఉంది. నాయినకు చెప్పు. నొక్కాను. ఈసారి తెరుచుకుంది.

"ప్రవళిక నాయినకు చెప్పింది. మైసయ్య చేతిలోని ఎర్ర కాగితాలు కింద పెట్టాడు. నాకు ముందే తెలుసు అన్నాడు. ప్రవళిక ఆయన పక్కన కూర్చుంది. ఇద్దరూ జంగమ్మను చూస్తూ ఉన్నారు. తెల్లారింది. పన్నెండు దాటింది. సాయంత్రమైంది."

అంతే. జంగమ్మ బతికిందని రాయలేదు. కింద నొక్కడానికి ఏమీ లేదు. తెర తెల్లబడుతుందేమోనని ఫోను పట్టుకుని చూస్తూ కూర్చున్నాను. తెల్లబడలేదు. మళ్ళీ ఐదు గంటలు కాలేదు.

మానసకు ఫోను చేశాను. మోగి మోగి ఆగిపోయింది. ఇంకోసారి చేశాను. ఎత్తలేదు. "చదివిన" అని ఒక మాట రాసి పంపాను. కాసేపటికి అది చూసినట్టు గుర్తు పడింది. జవాబు రాలేదు. వస్తుందో రాదో దేవునికి తెలుసు. ఈ ఒక్కటి నాకు ముందే తెలియదు.

లేచి చూసేసరికి పదకొండు దాటింది. అలివేలమ్మ నా సాలు కూడా కొంత రుద్ది, చేతకాక వదిలేసింది. మిగిలిన కాడలు ఎండకు నల్లబడుతున్నాయి. వాటి పక్కన నిన్న తగిలించిన ఎర్ర కాగితాలు గాలికి కదులుతున్నాయి.